ప్లమ్లీ గారి జీవిత అమలు పథకం

ఉప్పురేవు మున్సిపాలిటీకి ఒక విదేశీ మహానుభావుడు అత్యవసరంగా కావలసి వచ్చాడు. గడువు శనివారం సాయంత్రంతో ముగుస్తుంది.

కారణం ప్రభుత్వ ఉత్తర్వు. రాష్ట్రంలోని ప్రతి మున్సిపాలిటీ ఏదో ఒక విదేశీ పట్టణంతో చెలిమి ఒప్పందం చేసుకోవాలి. ఆ పట్టణం వాళ్ళు తమ మహనీయుడొకణ్ణి మనకిస్తారు, మనం మన మహనీయుణ్ణి వాళ్ళకిస్తాం. ఇచ్చిన మహనీయుడికి దండ వేసి చేతులు దులుపుకుంటే సరిపోదు. ఉత్తర్వులో ఏడో పేరా స్పష్టంగా ఉంది: "సదరు మహనీయుని జీవితమును క్షేత్రస్థాయిలో అధ్యాయముల వారీగా అమలుపరచి, నూరు శాతం పురోగతి సాధించిన మున్సిపాలిటీకి ఆదర్శ పురపాలక పురస్కారము అందజేయబడును."

పెద్ద మున్సిపాలిటీలు పెద్ద ఊళ్ళనీ, పెద్దమనుషులనీ ముందే తన్నుకుపోయాయి. పక్క ఊరికి ఒక శాస్త్రవేత్త దక్కాడు. ఆ పై ఊరికి ఒక సైన్యాధిపతి. ఉప్పురేవు ఫైలు కదిలేసరికి జాబితా అడుగున అమెరికాలోని హార్లిన్‌ఫర్డ్ అనే ఊరొక్కటే మిగిలింది. వాళ్ళ మహనీయుడు హోరేషియో ప్లమ్లీ. పందొమ్మిదో శతాబ్దపు వర్తకుడు. కొవ్వొత్తులూ, చీపుళ్ళూ, వేయించిన వేరుశనక్కాయలూ తోపుడుబండి మీద అమ్మి, ఆనక రాజకీయాల్లోకి దిగాడట. ఆయన జీవిత చరిత్ర, అట్ట ఊడిన ఇంగ్లీషు పుస్తకం, పార్సిల్లో వచ్చింది.

"వర్తకుడు. ఆపైన నాయకుడు," అన్నాడు చైర్మన్ కడియాల తాతబ్బాయి. ఆయనకు రెండు రైసు మిల్లులున్నాయి. "అంటే అచ్చం నేనే కదయ్యా."

"తమరేనండి," అన్నాడు కమిషనర్ చక్రధరరావు. "కాకపోతే ఆయన తెల్లగా ఉంటాడు."

పుస్తకం చదవకుండానే కౌన్సిల్ పథకాన్ని ఏకగ్రీవంగా ఆమోదించింది. చైర్మన్ సంతకం చేశాడు. పురస్కారం వస్తే తనకు ఎమ్మెల్యే టికెట్ వస్తుందని ఆయన లెక్క. బదులుగా పంపవలసిన మన మహనీయుడి విషయంలో కూడా చర్చ జరగలేదు. తాతబ్బాయి తన జీవిత చరిత్రే పంపించాడు. రెండు పేజీలు, మిగతాదంతా ఫోటోలు.

ప్లమ్లీ జీవితాన్ని తెలుగు చేసే బాధ్యత రిటైరైన ఇంగ్లీషు మాస్టారు అనంతశయనం గారికి అప్పగించారు. పారితోషికం అధ్యాయానికింత అని రాసుకున్నారు. మాస్టారు లోకం చూసిన మనిషి. పుస్తకం మొత్తం ఒక్కసారి ఇచ్చేస్తే ఆ తర్వాత తన గడప ఎవరూ తొక్కరని ఆయనకు తెలుసు. నెలకొక్క అధ్యాయం ఇస్తానన్నాడు.

అలా మొదలైంది. ముందేముందో మాస్టారికి తప్ప ఊళ్ళో ఎవరికీ తెలియని జీవితం ఒకటి, నెలనెలా అమలు కావడం.

*

ముందు విగ్రహం కావాలి. కాలవ అవతల శిల్పి పైడిరాజు షెడ్డులో బయానా ఇచ్చి వదిలేసిన విగ్రహాలు వరసగా నిలబడి ఉంటాయి. పార్టీ మారినవాళ్ళు, ఓడిపోయినవాళ్ళు, వాళ్ళ నాన్నలు. అందులో ఒకదాన్ని పైడిరాజు తట్టి చూపించాడు. పంచె, కండువా, ముందుకు చాచిన చూపుడు వేలు.

"ఇది అమెరికా మనిషిలా ఎలా అవుతుందయ్యా?" అన్నాడు కమిషనర్.

"కండువా కాస్త చెక్కితే కోటు కాలరండి. పంచెకు మధ్యలో ఒక గీత కొడితే ప్యాంటు అయిపోద్దండి."

"మరి వేలు?"

"వేలు ఉండాలండి. వేలు చూపించకపోతే నాయకుడని ఎవరు నమ్ముతారండి."

మున్సిపల్ ఆఫీసు గేటు పక్కన విగ్రహం నిలబెట్టారు. ముసుగు తీయగానే అందరూ వేలు ఎటు చూపిస్తోందా అని చూశారు. అది సరిగ్గా నూకరత్నం బజ్జీల బండిని చూపిస్తోంది.

నూకరత్నం ఆ గేటు దగ్గర ఎప్పటినుంచి బజ్జీలు వేస్తోందో ఆఫీసులో ఎవరికీ గుర్తు లేదు. ఎంతమంది కమిషనర్లు మారినా సాయంత్రం నాలుగింటికి ఆఫీసంతా వాము వాసన రావడం మాత్రం మారలేదు. ఆమె మొగుడు సింహాచలం రేవులో బస్తాలు మోస్తూ నడుం పోగొట్టుకుని మంచాన పడ్డాడు. అలా పడకముందు ఆఖరిసారి చేసిన పని ఆ బండి. టేకు చెక్కలు తానే చిత్రిక పట్టి, చక్రాలు తానే బిగించాడు. ఆ బండి, ఆ గేటు దగ్గర జాగా, ఇవి రెండూ ఉంటేనే ఆ ఇంట్లో పొయ్యి వెలుగుతుంది.

మొదటి అధ్యాయం వచ్చింది. "ప్లమ్లీ ఒక పశువుల కొట్టములో నిరుపేదగా జన్మించెను."

తాతబ్బాయి ఉత్సాహం కొంచెం చల్లారింది. ఆయన పుట్టింది మేడలో. "అయితే ఈ జీవితం నా మీద అమలు చెయ్యలేమా?"

"జీవితానికి ఒక లబ్ధిదారు కావాలండి," అన్నాడు కమిషనర్. "కష్టాలు లబ్ధిదారుకు, పురస్కారం తమరికి. వర్తకం చేసే పేదవాళ్ళు ఎవరున్నారా అని సర్వే వేద్దామనుకున్నాను. విగ్రహమే చూపించేసింది."

టౌన్ ప్లానింగ్ అధికారి శోభనాచలం విచారణ జరిపాడు. నూకరత్నం పుట్టింది సర్కారు ఆసుపత్రిలో. ఆయన స్వయంగా వెళ్ళి ప్రసూతి వార్డు చూసి వచ్చి నివేదిక రాశాడు: "సదరు వార్డు ప్రస్తుత స్థితిని పరిశీలించిన మీదట, దానిని పశువుల కొట్టముగా పరిగణించుటకు ఎట్టి అభ్యంతరము లేదు." మొదటి అధ్యాయం పూర్తయింది.

రెండో అధ్యాయంలో ప్లమ్లీ చిన్నతనంలోనే బడి మానేశాడు. నూకరత్నం నాలుగో తరగతిలో మానేసింది. "లబ్ధిదారు ముందుచూపుతో వ్యవహరించి ఈ అధ్యాయమును బాల్యమునందే పూర్తి చేసి ఉన్నారు," అని కమిషనర్ పైకి రాశాడు. పైనుంచి అభినందన వచ్చింది.

మూడో అధ్యాయం నుంచి అసలు జీవితం మొదలైంది.

*

"టౌన్ హాలు ముందు ప్లమ్లీ నిలిపిన బండిని పురాధికారులు మూడు మార్లు తొలగించిరి. మూడు మార్లూ అతడు తిరిగి వచ్చెను."

సోమవారం నాలుగింటికి, నూనె కాగే వేళకు, జేసీబీ వచ్చింది. వెనక శోభనాచలం, ఆయన వెనక ఫోటోగ్రాఫరు.

నూకరత్నం చిల్లుల గరిటె పట్టుకుని అడ్డం నిలబడింది. "నిన్న పునుగులు తిన్న చెయ్యేనా బాబూ ఇది? ఇంకా పచ్చడి వాసన పోయుండదు."

"అమ్మా, నువ్వు అపార్థం చేసుకుంటున్నావు," అన్నాడు శోభనాచలం. "ఇది తొలగింపు కాదు. నీ అభివృద్ధి."

"నా అభివృద్ధికి జేసీబీ ఎందుకు బాబూ?"

"పెద్ద అభివృద్ధి కదా."

బండి వెళ్ళి పంపుహౌసు వెనక పడింది. రెండో రోజు ఆమె చుట్టాల్ని పట్టుకుని దాన్ని ఈడ్చుకొచ్చింది. వారం తిరక్కుండా రెండోసారి తీసేశారు. ఈసారి నూకరత్నానికి జ్వరం వచ్చింది. మూడు రోజులైనా ఆమె గేటు దగ్గరికి రాలేదు. ఆఫీసులో ఆందోళన మొదలైంది. ప్లమ్లీ తిరిగి వచ్చాడని పుస్తకంలో ఉంది. ఈమె రాకపోతే పురోగతి నిలిచిపోతుంది.

శోభనాచలం నలుగురు పారిశుద్ధ్య సిబ్బందితో బండిని యుద్ధప్రాతిపదికన గేటు దగ్గరికి తోయించి, బత్తాయిలు పట్టుకుని ఆమె ఇంటికి వెళ్ళాడు.

"లే తల్లీ. నువ్వొచ్చి నాలుగు బజ్జీలు వేస్తేనే మళ్ళీ మేం తీసెయ్యడానికుంటుంది."

మంచం మీద సింహాచలం పక్కకి తిరిగి చూశాడు. "తీసేవాళ్ళే తెచ్చి పెట్టారా? మరి మొదట్లో తీసిందెందుకు?"

"నీకు అర్థం కాదయ్యా. ఇది అమెరికా పద్ధతి."

మూడోసారి తొలగింపుకు బ్యాండు మేళం పెట్టారు. తాతబ్బాయి స్వయంగా జేసీబీకి కొబ్బరికాయ కొట్టాడు.

నాలుగో అధ్యాయం వచ్చినప్పుడు కమిషనర్ దాన్ని చదివి, కళ్ళద్దాలు తుడుచుకుని, మళ్ళీ చదివాడు. "కుంపటి నిప్పు రేగి బండి యావత్తు దగ్ధమయ్యెను. అగ్నిమాపక యంత్రము ఆలస్యముగా వచ్చెను. ప్లమ్లీకి కట్టుబట్టలే మిగిలెను."

మూడోసారీ బండి తెచ్చుకున్న నూకరత్నం, కబురు విని ఆఫీసు వరండాలోకి వచ్చింది. ఎప్పుడూ గేటు దాటి లోపలికి రాని మనిషి.

"కమిషనర్ గారండి, తీసుకెళ్ళండి, మళ్ళీ తెచ్చుకుంటాను. నాలుగుసార్లు తీయండి, పదిసార్లు తీయండి. కాల్చకండి. అది మా ఆయన చేతులతో చేసిందండి. ఆయన ఇంకోటి చెయ్యలేడు."

చక్రధరరావుకు జాలి వేసింది. జాలికి ఉత్తర్వులో పేరా లేదు. "అమ్మా, ప్లమ్లీ గారు కూడా బాధపడే ఉంటారు. ఆ బాధ కూడా పథకంలో భాగమే. చైర్మన్ గారి ఆమోదం ఉంది. నేను చేయగలిగింది ఒక్కటే. మంచి ముహూర్తం పెట్టిస్తాను."

శుక్రవారం పదిన్నరకు శామియానా వేసి బండి తగలబెట్టారు. ఫైరింజన్ చరిత్రలో మొదటిసారి సకాలంలో వచ్చేసింది. శోభనాచలం రోడ్డు మీదికి పరిగెత్తి దానికి అడ్డం పడ్డాడు.

"ఆలస్యంగా రమ్మని చెప్పాం కదయ్యా."

"ఎప్పుడూ ఆలస్యంగా వస్తే తిడతారని ఈసారి ముందే బయల్దేరామండి," అన్నాడు డ్రైవరు. పక్కన ఆపుకుని, వాళ్ళూ శామియానా కింద కూర్చుని కూల్ డ్రింకులు తాగారు.

టేకు చెక్క కాలడానికి చాలాసేపు పట్టింది. నూకరత్నం అరవలేదు, శాపనార్థాలు పెట్టలేదు. జనం వెళ్ళిపోయాక బూడిదలో చెయ్యి పెట్టి ఇనప మూకుడు బయటికి తీసింది. దాన్ని కొంగుతో పట్టుకుని పంపు దగ్గర కూర్చుని, చింతపండేసి తోమింది. తళతళలాడాక లేచి, నేరుగా అనంతశయనం మాస్టారి ఇంటికి నడిచింది.

*

మాస్టారు అరుగు మీద మధ్యాహ్నపు కాఫీ తాగుతున్నాడు.

"మాస్టారండి, ఆ పుస్తకంలో ఇంకా ఎంత మిగిలుంది?"

"రెండు అధ్యాయాలమ్మా."

"తర్వాతది కాస్త చదివి పెట్టండి."

"ఇంకా అనువాదం చెయ్యలేదే. వచ్చే నెల..."

"నాకు రాతలో వద్దండి. నోటితో చెప్పండి. నా జీవితమేగా, నాక్కాస్త ముందు తెలిస్తే తప్పేముంది?"

మాస్టారు ఆమె చేతిలో మూకుడు చూశాడు. లోపలికి వెళ్ళి పుస్తకం తెచ్చాడు. పేజీలు తిప్పి, మెల్లగా చదువుతూ తెలుగులో చెప్పాడు. చెబుతూ చెబుతూ ఒకచోట ఆగి, ఆమె మొహంలోకి చూశాడు. ఆమె తల ఊపింది. "చెప్పండి, వింటున్నాను." ఆయన మిగతాది కూడా చెప్పాడు.

మర్నాడు నూకరత్నం కమిషనర్ గదిలోకి వెళ్ళి కుర్చీలో కూర్చుంది. ఎవరూ కూర్చోమనలేదు.

"అయిదో అధ్యాయం ఎప్పుడు అమలు చేస్తారండి?"

"అది ఇంకా అందలేదమ్మా."

"నేను విన్నాను. కాలిన బండి బూడిద మీద నిలబడి, ప్లమ్లీ గారు మేయరు మీద పోటీకి దిగారంట. చేత్తో బుట్ట పట్టుకుని ఇంటింటికీ శనక్కాయలమ్ముతూ ఓట్లడిగారంట. గెలిచారంట. ఎలక్షన్లు ఎలాగూ వచ్చే నెలే కదండి. నా నామినేషన్ ఎప్పుడు వేస్తారు?"

ఉప్పురేవులో చైర్మన్‌ను జనమే నేరుగా ఎన్నుకుంటారు. చక్రధరరావు మాస్టారిని పిలిపించి, మాట నిజమేనని నిర్ధారించుకున్నాడు. కమిషనర్ నిజాయితీపరుడు. కొబ్బరికాయ కొట్టమన్న చోట కొట్టేవాడు, తల కొట్టమన్న చోట అదీ కొట్టేవాడు. ఫైలు పట్టుకుని చైర్మన్ దగ్గరికి వెళ్ళాడు.

తాతబ్బాయి మొహం ఎర్రబడింది. "నా ఆఫీసువాళ్ళే నా మీద పోటీ పెట్టిస్తారా?"

"పథకం తమరు ఆమోదించిందేనండి."

"ఇందులో నేను ఓడిపోతానని నాకు ఎవరు చెప్పారు?"

"ఓడిపోయేది తమరని పుస్తకంలో లేదండి. అప్పటి మేయరు అని మాత్రమే ఉంది. మధ్యలో ఆపితే పురస్కారం పోతుంది. టికెట్ కూడా."

టికెట్ మాట వినగానే తాతబ్బాయి మెత్తబడ్డాడు. కాసేపు ఆలోచించి నవ్వాడు. "వెయ్యి. నామినేషన్ వెయ్యి. బజ్జీల మనిషి నన్ను ఓడిస్తుందా? పోటీ చేసిందని రాసుకో, పురోగతి వచ్చేస్తుంది. గెలవడం, ఓడడం జనం చేతిలో పని."

"సరేనండి. నామినేషన్ వేసే అధికారీ నేనే, తీసుకునే అధికారీ నేనే. కాబట్టి జాప్యం ఉండదు."

నూకరత్నం బుట్టలో బజ్జీలు పెట్టుకుని వీధి వీధి తిరిగింది. ఉపన్యాసాలివ్వలేదు. "పచ్చడి వెయ్యనా?" అని మాత్రం అడిగింది. తాతబ్బాయి మైకులు పెట్టించాడు, జెండాలు కట్టించాడు. తన హయాంలో సాధించిన ప్రగతి మీద కరపత్రం వేయమని ఆఫీసుకు పురమాయించాడు. ఆఫీసు దగ్గర ఉన్న ప్రగతి నివేదిక ఒక్కటే. దాన్నే రంగుల్లో అచ్చేసి ఇంటింటికీ పంచారు.

"తాతబ్బాయి గారి నాయకత్వంలో సాధించిన విజయాలు: బజ్జీల బండి తొలగింపు, మూడు పర్యాయములు. దహనం, ఒక పర్యాయము. అన్నియు గడువులోపలే."

ఫోటోలు కూడా వేశారు. తొలగింపుకు ముందు, తొలగింపు తరువాత. నిప్పుకు ముందు, నిప్పు తరువాత. ఆఖరి ఫోటోలో నూకరత్నం బూడిదలో చెయ్యి పెట్టి ఉంది. ఫోటోగ్రాఫరు పనిమంతుడు.

ఫలితం వచ్చిన రోజు తాతబ్బాయికి డిపాజిట్ మిగిలింది. అంతే.

*

నూకరత్నం చైర్మన్ గదిలో కూర్చుంది. రెండో రోజు చక్రధరరావు ఆరో అధ్యాయం పట్టుకుని వచ్చాడు.

"ఇదే ఆఖరుదమ్మా. ఇది పూర్తయితే నూరు శాతం. పురస్కారం మనదే."

"చదవండి."

"మేయరైన పిమ్మట ప్లమ్లీ తన గుర్రపు బగ్గీకి దారి చాలకుండుటచే, టౌన్ హాలు ముందున్న తోపుడుబండ్లన్నిటినీ తొలగించెను. ఇక మీదట అచ్చట ఎవ్వరును వర్తకము చేయరాదని శాసించెను."

కిటికీలోంచి గేటు కనిపిస్తోంది. విగ్రహం వేలు చాపి ఖాళీ జాగాని చూపిస్తోంది. అక్కడ నల్లటి మచ్చ ఇంకా పోలేదు.

"ఈ మాట మాస్టారు నాకు ఆ రోజే చెప్పారండి," అంది నూకరత్నం. "ప్లమ్లీ గారి బండిని మూడుసార్లు తీయించిన ఆ పాత మేయరు పేరేంటండి?"

కమిషనర్ పేజీలన్నీ తిప్పాడు. "పుస్తకంలో లేదమ్మా."

"ఏ పేజీలోనూ లేదా?"

"లేదు. ఓడినవాడు కదా."

"నేను ఆ కాయితం మీద సంతకం పెట్టను. ఈ గేటు ముందు ఎవరు బండి పెట్టుకున్నా, నేనున్నంతకాలం ఎవరూ తియ్యకూడదు. అదే రాయండి."

"అమ్మా, అయిదు అధ్యాయాల దగ్గరే ఆగిపోతాం," అన్నాడు చక్రధరరావు.

"ఆగిపోదాం."

కొత్త చెక్కలతో బండి తయారైంది. మూకుడు పాతదే. పొద్దుట ఫైళ్ళు, నాలుగింటి నుంచి బజ్జీలు. చైర్‌పర్సన్ సంతకం కావాలంటే సాయంత్రం గేటు దగ్గరికి రావాలి. ఫైళ్ళ మీద నూనె మరకలు చూసి ఆడిట్ వాళ్ళు అభ్యంతరం రాశారు. అదీ బండి దగ్గరే రాశారు, కాబట్టి దాని మీదా మరక పడింది.

అంతటితో అయిపోవలసింది. కానీ రాజకీయాల్లో తెలివైనవాళ్ళకు కొదవ లేదు. నాయకుడు కావడానికి దారి ఏమిటో ఉప్పురేవు కళ్ళారా చూసింది. గేటు ముందు బండి పెట్టాలి, మున్సిపాలిటీ దాన్ని మూడుసార్లు తీసెయ్యాలి, ఒకసారి తగలెయ్యాలి. ఆపైన కుర్చీ దానంతటదే వస్తుంది.

ముందు పదకొండో వార్డు కౌన్సిలరు పకోడీల బండి పెట్టాడు. మర్నాడు ఎక్సైజు కాంట్రాక్టరు ఇడ్లీ బండి. నెల తిరిగేసరికి గేటు నుంచి పంపుహౌసు దాకా ఖద్దరు చొక్కాలు, సెనగపిండి చేతులు. అందరి కళ్ళూ జేసీబీ వచ్చే దారి మీదే. శోభనాచలం అటువైపు నడిస్తే చాలు, "మాది కూడా ఆక్రమణేనండి, కాస్త చూడండి" అని బతిమాలేవాళ్ళు. ఒకాయన తన బండికి ముందుగానే కిరసనాయిలు పూసి పెట్టుకున్నాడు.

ఆ రోజుల్లోనే హార్లిన్‌ఫర్డ్ నుంచి ఉత్తరం వచ్చింది. "మీరు పంపిన మహనీయుడు తాతబ్బాయి గారి జీవితాన్ని మా పట్టణంలో శ్రద్ధగా అమలు చేస్తున్నాము. మా మేయరు ఇప్పటికే మూడు పార్టీలు మారారు. దయచేసి తరువాత ఏమి చేయవలెనో తెలుపగలరు."

నూకరత్నం ఆ ఉత్తరాన్ని విగ్రహం పక్కనున్న బండికి పంపించింది.

ఆ బండి తాతబ్బాయిదే. అందరికంటే మంచి జాగా ఆయనకే దొరికింది, సరిగ్గా వేలు చూపించే చోటు పక్కన. రైసు మిల్లు మనిషి, మొదట్లో చెయ్యి కాల్చుకున్నాడు. పిండిలో ఉండలు కట్టేవి. ఇప్పుడు కాస్త కుదిరింది. జనం కూడా వస్తున్నారు.

ఆ సాయంత్రం ఆమె గరిటె పక్కన పెట్టి ఆయన బండి దగ్గరికి వచ్చింది. ఆయన గబగబా చేతులు తుడుచుకున్నాడు.

"అమ్మా నూకరత్నం. చైర్‌పర్సన్ గారూ. నేను బండి పెట్టి ఇన్నాళ్ళయింది. ఒక్కసారి కూడా తియ్యలేదు. నేనేం పాపం చేశాను? ఎమ్మెల్యే ఎలక్షన్లు దగ్గర పడుతున్నాయి. కనీసం ఒక్కసారి తీయించు తల్లీ. జేసీబీ ఖర్చు నేనే పెట్టుకుంటాను."

నూకరత్నం ఆయన పళ్ళెంలోంచి ఒక బజ్జీ తీసుకుంది. తుంచి, ఊది, నోట్లో వేసుకుని నిదానంగా నమిలింది.

"వాము సరిపోలేదండి తాతబ్బాయి గారూ," అంది. "మీ బండి ఎక్కడికీ పోదులెండి. రేపు మళ్ళీ వెయ్యండి, చూద్దాం."